పేరు పక్కన గారు

అలబామాలో ఒక జైలు. శనివారం ములాఖత్ గది. డెబ్బై ఎనిమిదేళ్ళ ఖైదీ డెల్బర్ట్ హగ్గిన్స్. ఎదురుగా కూతురు వెర్నా.

“ఉత్తరం మొదట్లో ‘ఒడెస్సా’ అని రాసి ఊరుకున్నావేం?”

“దాని పేరు అదేగా.”

“ఒడెస్సా ప్రూయిట్ గారికి, అని రాయి నాన్నా. లాయరు చెప్పాడు కదా.”

“ఆ లాయరు ఉత్తరాది నుంచి ఊడిపడ్డాడు. వాడికేం తెలుసు? తెల్లజెండా దళం అంటే ఈ జిల్లాలో మూడు వేల మంది. అందరూ నా వెనక నడిచినవాళ్ళే. ఒక్కడు, ఒక్కడంటే ఒక్కడు నల్లవాళ్ళని గారు అని పిలవలేదు.”

“ఆ మూడు వేల మందిలో ఇక్కడికొచ్చి నిన్ను చూసినవాళ్ళెందరు?”

“బూన్ వచ్చేవాడు.”

“బూన్ పోయి ఆరేళ్ళయింది.”

“ఇక్కడ ఉక్క. చచ్చిపోతున్నా. మీ ఇంట్లో వెనక గదికి గాలొస్తుంది కదూ? మంచం కిటికీ పక్కన వేశావా?”

“ముందు ఉత్తరం.”

“వేశావా అంటే చెప్పవేం?”

“ముందు ఉత్తరం రాయి. డాక్టరు నాలుగు నెలలన్నాడు. నిన్ను ఇంటికి పంపాలా వద్దా అని బోర్డు మంగళవారం తేలుస్తుంది. అక్కడ ఎవరు అడ్డు చెప్పినా పని జరగదు.”

“అగ్గిపుల్ల గీసింది నేను కాదు. ఆ టైములో నేను ఇంట్లో ఉన్నా. మీ అమ్మనడుగు.”

“అమ్మ లేదు. గీయమన్నది నువ్వు. ఓటుకి పేర్లు రాయించుకోండని నల్లవాళ్ళకి ఊరంతా తిరిగి చెప్పారని ఒడెస్సా గారి భర్త ప్రూయిట్ గారిని ఇంట్లోనే తగలబెట్టించావు. మొదటి జ్యూరీలో పన్నెండు మందీ నీవాళ్ళే, పదకొండు నిమిషాల్లో వదిలేశారు. నిన్ను ఇక్కడ కూర్చోబెట్టడానికి ముప్పై ఏడేళ్ళు పట్టింది.”

“నువ్వూ గారు మొదలెట్టావు.”

“ఆరేళ్ళప్పుడే మొదలెట్టా. ఆవిడ మన వంటింట్లో రొట్టెలు కాలుస్తుంటే ‘ప్రూయిట్ గారూ, ఇంకోటి’ అన్నా. నా నోట్లో సబ్బుముక్క కుక్కావు.”

“పిల్లలకి నేర్పాలిగా.”

“నేర్పావు. యాభై రెండేళ్ళొచ్చాయి, ఆ నురగ ఇంకా నాలిక మీదే ఉంది.”

“వెర్నా.”

“ఊఁ.”

“తిండి దగ్గర నేను కూర్చుంటే బల్ల ఖాళీ చేసి పోతారు. తెల్లోళ్ళు కూడా. నా కోసం అనే మాట నేనెప్పుడూ అన్నానా? దళం నడిపినన్నాళ్ళూ అంతా తెల్లోళ్ళ కోసమే అన్నా. వారమంతా నోరు మూసుకునే ఉంటున్నా. ఈ ఒక్క గంటే, నీతో.”

“రాయి మరి.”

“రాస్తున్నా... ఇదుగో.”

“సగంలో ఆపావు.”

“పెన్ను రాయడం లేదు.”

“విదిలించి రాయి.”

“ఇదుగో. ఒడెస్సా ప్రూయిట్ గారికి. చాలా? చంపావు కదే నన్ను. ఇక ఆవిడ అడ్డు చెప్పదుగా?”

“ఆవిడ అన్నావు.”

“నోరు జారింది. చెప్పు, అడ్డు చెప్పదుగా?”

“ఎప్పుడూ చెప్పలేదు. పోయిన నెలే బోర్డుకి రాసిచ్చింది. వెళ్ళనివ్వండి, ఇంట్లో పోనివ్వండి అని.”

“పోయిన నెలా? మరి నా చేత ఇదెందుకు రాయించావు?”

“ఎనభై నాలుగేళ్ళు ఆవిడకి. పోయేలోపు మన ఇంటి నుంచి ఒక్కసారైనా ఆ మాట అందాలని. సాయంత్రం నేనే తీసుకెళ్ళి ఇస్తా.”

“సరే. ఇచ్చుకో. ఏదో ఒకటి. అయితే ఇక గొడవే లేదన్నమాట. మంగళవారం కారు తెచ్చుకో, నా సామాను ఒక్క సంచే... ఏంటలా చూస్తావు? ఎవరైనా అడ్డు చెప్పారా?”

“చెప్పారు.”

“ఎవరు? ఆ ప్రూయిట్ పిల్లలా?”

“కాదు నాన్నా, నేను. నా ఇంట్లో నీకు చోటు లేదని సంతకం పెట్టి ఇచ్చొచ్చాను.”