గురకకు మొలిచిన గొడుగులు

ఫ్రెంచి జెండా దిగిన సంవత్సరం, ముసురు పట్టిన ఒక పొద్దున, యానాం రేవులో గోదారి దాటించే పంటు కోసం నిలబడ్డ మేనమామా మేనల్లుడూ మాట్లాడుకుంటున్నారు.

“మావయ్యా, మీ శబ్ద పుట్టగొడుగుల పండిత సంఘాన్ని పాకలోంచి గెంటేశారంటగా?”

“ఎవడ్రా కూసింది? చప్పుడికి పుట్టగొడుగులు మొలుస్తాయని రుజువు చెయ్యండి, లేకపోతే పాక ఖాళీ చెయ్యండన్నాడు ఆసామి లూయిస్ గారు. సరేనని గడ్డివాము ముందు ఉరుముల్లాగ డప్పులు వాయించాం.”

“మొలిచాయా?”

“ఒక్కటీ లేదు.”

“మరింకేటి!”

“తప్పు పట్టడానికొచ్చిన లూయిస్ గారు కుర్చీలో కునుకు తీశాడు. గురకరా అది! ఉరుముతోందనుకుని దరియాలతిప్ప పడవలన్నీ ఒడ్డుకొచ్చేశాయి. ఆయన కళ్ళు తెరిచేసరికి కుర్చీ చుట్టూ గొడుగులే గొడుగులు!”

“ఒప్పుకున్నాడా?”

“తనకసలు గురకే రాదన్నాడు. గోల విని వచ్చిన వాళ్ళావిడ ఆగ్నెస్ గారు, ‘పెళ్ళయిన కాణ్ణించీ నాకు నిద్ర లేదు, పాక వీళ్ళదే’ అని తీర్పు చెప్పేసింది.”

“అయితే పాక దక్కిందన్నమాట!”

“పాకేటిరా, ఆయనే దక్కాడు! ఇప్పుడు మా సంఘానికి ప్రెసిడెంటు. మీటింగులో నిద్రపోవడమే ఆయన పని. ఇదిగో ఈ బుట్ట మీ అమ్మకివ్వు. ప్రెసిడెంటు గారి పంట అని చెప్పు.”