టీ క్యాను సైకిల్ కేసు

"దొంగని పట్టడం గొప్పేం కాదోయ్, కేసుని వదలకపోవడం గొప్ప!" అని మొదలుపెట్టారు రిటైరైన డిటెక్టివ్ గారు, టీకొట్టు బల్ల మీద సర్దుకు కూర్చుని. "ఇదిగో, ఈ గోడకి ఆనించిన పచ్చ సైకిలుందే, దీని కోసం నా సర్వీసు సగం అరిగిపోయింది. ఈ కొట్టు నడిపే అమ్మాయి వాళ్ల నాన్న దీనికి టీ క్యాను కట్టుకుని ఆఫీసులన్నీ తిరిగేవాడు. ఓ పొద్దున మాయమైంది. మనిషి కూలబడిపోయాడు. 'సార్, ఇది దొరక్కపోతే నా బతుకు ఈ మూలకే పరిమితం' అన్నాడు. మాటిచ్చేశాను. స్టేషన్లో అందరూ ఆ కేసు మూసేసినా నేను మూయలేదు. టీ ఒలికిన చక్రం కదా, ఆ వాసన పట్టుకుని ఊరు దాటాను, నది దాటాను..."

"నదిలో వాసనెలా నిలిచింది సార్?" అన్నాడు పక్కనే టీ తాగుతున్న టైలరు.

"చేపల్ని అడిగానోయ్! మధ్యలో కత్తెర వెయ్యకు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? కొండ మీద ముఠా, ఒక్కొక్కడూ తాటిచెట్టంత. దొంగ సైకిళ్లు ఇంకో కొండలా పోసున్నాయి. మనదేదో ఎలా తెలుస్తుంది? కళ్లు మూసుకుని 'టీ!' అని ఒక్క కేక వేశాను. అంతే, గుట్ట అడుగునుంచి ఈ సైకిలు గంట దానంతటదే మోగింది! ముఠా అంతా నా కాళ్ల మీద పడ్డారు. ఇక దీన్నెక్కి కొండ దిగానా, వెనకొస్తున్న గాలి నన్నందుకోలేక ఆయాసపడి దారిలో చతికిలబడింది."

"పాపం గాలి!" అన్నాడు టైలరు.

"ఆ రోజులే వేరోయ్. నేనొచ్చి కూర్చోగానే వాళ్ల నాన్న గ్లాసు చేతిలో పెట్టి, 'సార్, మన కేసు ఎంతవరకొచ్చింది?' అనేవాడు. ఇప్పుడలా అడిగే మనిషే లేడు."

టీ వడగడుతున్న అమ్మాయి నవ్వింది. "అంతా బాగుంది గానీ బాబాయ్, మా సైకిలెక్కే కదా మీరు మా సైకిల్ని వెతికింది?"

బల్ల మీద వాళ్లంతా ఆమె వైపు తిరిగారు.

"దొంగ దీన్ని స్టేషన్ వెనకే వదిలేసి పోయాడు. స్టేషన్ వాళ్లు తమదే అనుకుని, మిగతావాటితో పాటు దీనికీ స్టేషన్ పచ్చరంగు కొట్టేశారు. బాబాయ్ దీని మీదే వచ్చి, 'ఇంకా దొరకలేదయ్యా' అని చెప్పి, మళ్లీ దీన్నెక్కే వెళ్లేవారు. రిటైరైన రోజు, సైకిలు స్టేషన్‌కి ఒప్పజెప్పాలన్నారు. అప్పుడు నాన్న క్యారియర్ కింద తను బిగించుకున్న క్యాను కొక్కెం చూపించాడు."

టైలరు నవ్వలేక పొట్ట పట్టుకున్నాడు. డిటెక్టివ్ గారు మాత్రం తగ్గలేదు. "కొక్కెం సరిగ్గా ఆ రోజే కంటపడింది. నా జాతకం అలాంటిది మరి!"

"ఆ రోజు కాదు బాబాయ్. మీరు దీని మీద మొదటిసారి వచ్చినప్పుడే చూశాడట. పోయే ముందు నాతో చెప్పాడు."

ఆయన గ్లాసు బల్ల మీద పెట్టేశారు. "మరి అడగలేదేం?"

"నేనూ అదే అన్నాను. 'సైకిలిచ్చేస్తే కేసు అయిపోతుంది, కేసు అయిపోతే సార్ రాడు. ఆయన కోతలు వినడానికే నలుగురూ ఇక్కడికొచ్చి టీ తాగుతున్నారు. ఇక సైకిలేసుకుని నేనెక్కడికి తిరగాలే? పైగా, ఆయన రాకపోతే నాకూ తోచదు' అన్నాడు."

డిటెక్టివ్ గారు కాసేపు ఆ సైకిలు వంక చూశారు. తర్వాత తువ్వాలుతో మొహం తుడుచుకున్నారు.

"ఇంత సర్వీసులో నా కళ్లలో దుమ్ము కొట్టినవాడు మీ నాన్నొక్కడేనమ్మా," అన్నారు.