ఓదెలు చెప్పిన గోల్

ఓదెలు అని మా తాళ్ళకుంటలనే ఉండె, ఆరో నంబరు బాయిల ముప్పై ఆరేండ్లు బొగ్గు కొట్టి రిటైరయినోడు. మనిషి మంచోడే, మాట మంచిదే, కని పుట్‌బాల్ అంటే మాత్రం ఆయనకు ఒళ్ళు తెల్వదు అనుకో. అది గూడ అన్ని జట్లు కాదు, ఒక్కటే జట్టు, కలకత్తల గంగాసాగర్ జట్టని, పసుపు చొక్కాలోల్లు. ఏడ కలకత్త, ఏడ మన తాళ్ళకుంట అని అడుగుతరు మీరు, అడగాల్నే. ఏమైందంటే, ఓదెలుకు ఇంక మీసం సుత సరిగ రాలే, అప్పుడు బాయి దొరలు మన గ్రౌండుల ఒక ఆట పెట్టిచ్చిన్రంట. ఇటు గంగాసాగరోల్లు, అటు గోవ నుంచి మాండవి జట్టోల్లు, నీలం చొక్కాలు. గంగాసాగర్ కెప్టెను దూపై లైను కాడికి ఉరికొచ్చి, ఓదెలు చేతుల ఉన్న చెంబెడు నీళ్ళు గటగట తాగి, చెంబు తిరిగిచ్చుకుంట భుజం మీద చెయ్యేసిండంట. అంతే. ఒక్క చెయ్యి. ఆ చెయ్యి తాకిందని ఓదెలు మూడొద్దులు తానం చెయ్యలే, వాళ్ళవ్వ కట్టె పట్టుకోని ఉరికిస్తే గప్పుడు చేసిండు. ఇగ ఆ దినమే అటు గోల్ ఎనుకాల బాల్ అందిచ్చుకుంట నిలవడ్డోడు మొండయ్య, ఓదెలుకు పాణం లెక్క దోస్తు. ఆయనకు మాండవి జట్టు పట్టింది. ఒకటే పొద్దు, ఒకటే గ్రౌండు, ఇద్దరు దోస్తులు, చెరో దిక్కు పోయిన్రు సూడుండ్రి.

అప్పటిసంది ఓదెలు ఆ జట్టును ఇడువలే. రేడియోల ఇన్నడు, పేపర్ల సదివిండు, కేబులొచ్చినంక టీవీల సూసిండు. రాత్రి డ్యూటీ దిగొచ్చి మొఖం మీద బొగ్గు కడుక్కోకుంటనే టీవీ ముంగట కూసుంటుండె అంట. జట్టేమో గెలువది! ఇరవై రెండేండ్లు ఒక్క కప్పు కొట్టలే. భార్య సారవ్వ నవ్వేది, "ఏమయ్యా, నీ జట్టోల్లు ఆట ఆడనీకె పోతున్నరా, మొక్కు చెల్లియ్యనీకె పోతున్నరా?" అని. అట్లాంటి జట్టుకు ఆ ఏడు ఏం పట్టిందో, ఒక్కొక్కల్లను కొట్టుకుంట సెమీఫైనల్ కచ్చింది. ఇగ ఓదెలు నేల మీద నడుస్తలేడు. గప్పుడే పిడుగు పడ్డది. టీవీ పెడితే ఆ ఛానల్ లేదు. నీలం తెర, దాని మీద రెండు ముక్కల ఇంగ్లీషు. కేబులు తిరుపతి కాడికి ఉరికిండు. తిరుపతి తీగ సుట్టుకుంట అన్నడంట, "కాకా, ఈ ఏడు ఆ ఆటలు టీవీల రావు. నెట్టుల ఒస్తయి. ఆప్‌ల సూడాలె." ఓదెలుకు సమజ్ కాలే. "తీగల రానిది గాలిల ఎట్లొస్తదిరా?" "అట్లనే ఒస్తది కాకా, ఇప్పుడన్నీ అట్లనే."

ఓదెలు ఫోను బటన్ల ఫోను, మాట్లాడొస్తది, టార్చి ఎలుగుతది, అంతకు మించి దాంతోని ఏం కాదు. సారవ్వకు మాత్రం బిడ్డ ఇచ్చిన తెర ఫోను ఉండె. దాన్ని పట్టుకోని బస్టాండు కాడి ఫోన్ల దుకాణానికి పోయిన్రు మొగడు పెండ్లాం. ఆ దుకాణమాయన ఇట్ల అన్నడు, అట్ల అన్నడు, ఆప్ ఎక్కిచ్చిండు, ఆప్ తెరుసుకోలే. "అవ్వా, ఫోను పాతదయింది, ఆప్ కొత్తది, రెంటికి పొసుగుతలేదు" అన్నడంట. సారవ్వ ఓదెలును సూసి, "మనిద్దరికి పొసుగలేదా నలభై ఏండ్లు, గీ ఫోనుకేం రోగం" అన్నది. ఇగ సుట్టూ ఉన్నోల్లు తలో మాట చెప్పవట్టిరి. ఇంకో ఆప్ ఉందని ఒకడు, టీవీకి నెట్టు డబ్బా పెట్టిచ్చుకోమని ఒకడు. ఆఖరికి చాయ్ హోటల్ల ఒకాయన, "గవన్నీ ఎందుకు, పైసలు లేకుంట ఫుకట్‌ల ఒచ్చే లింకు నాకాడ ఉంది" అని సారవ్వ ఫోన్లకు పంపిండు. ఒత్తితే, అగో! పచ్చటి గ్రౌండు, పసుపు చొక్కాలు! ఓదెలుకు కండ్లల్ల నీళ్ళొచ్చినయంట.

సెమీఫైనల్ దినం, మాపటీలి ఐదింటికి, ఓదెలు ఫోనును బియ్యం డబ్బాకు ఆనిచ్చి ముంగట కూసున్నడు. ఆట అంటే ఆటా అది! ఇట్ల ఎత్తుడు, అట్ల గోల్. అర్ధగంటల నాలుగు గోల్లు కొట్టిన్రు గంగాసాగరోల్లు. ఓదెలు నిలవడలేడు, కూసోలేడు. ఉరికిపోయి హోటల్ల రెండు పళ్ళేల మిర్చిబజ్జి చెప్పి, కనవడ్డోనికల్ల పెట్టి, "నాలుగు సున్న! నాలుగు సున్న!" అని ఊరంత తిరిగొచ్చిండు. ఒచ్చేవరకు సారవ్వ ఫోను దిక్కు ఒంగి సూస్తున్నది. "ఏమయ్యా," అన్నది, "గీల్లు ఇంతసేపటిసంది ఉరుకుతున్నరు గదా, ఒక్కనికి చెమట రాదేంది? ఒక్కడన్న ఉమ్మేస్తలేడు. గా జనాన్ని సూడు, అందరు ఒక్కతీరుగ లేస్తున్నరు, ఒక్కతీరుగ కూసుంటున్నరు. మనుషులు గిట్లుంటరా?" ఓదెలుకు కోపమొచ్చింది. తిరుపతిని పిలిచి సూపెట్టిన్రు. తిరుపతి సూసిండు, నోటికి చెయ్యడ్డం పెట్టుకున్నడు. "కాకా... ఇది అసలు ఆట కాదు. కంప్యూటర్ల ఆడే బొమ్మలాట." అవ్వా, ఆ మొఖం సూడాలె మీరు! బజ్జి తిన్నోల్లు వారం దినాలు నవ్విన్రు. తెల్లారి పేపర్ల ఏముందంటే, గంగాసాగర్ నిజంగనే గెలిచింది, ఒకటి సున్నతోని. గెలిచింది నిజమే, ఓదెలు సూసిందే నిజం కాదు. అగో ఆ ఒక్క గోల్ సూడలేకపోయిన్నని ఆయన బువ్వ ముంగట పెట్టుకోని ఊకె కూసున్నడంట.

పేపర్ల ఇంకో ముక్క గూడ ఉండె. ఫైనల్ ఐతారం నాలుగు గంటలకు. ఎదురు జట్టు ఏదో ఎర్కేనా? మాండవి. నీలం చొక్కాలు. తిరుపతి మెల్లగ చెప్పిండు, "కాకా, నిజమైన ఆప్, పెద్ద టీవీ, మంచి నెట్టు, మనూర్ల ఒక్కలింట్లనే ఉంది." "ఎవలింట్ల?" తిరుపతి చేతుల తీగను సుట్టవట్టిండు. గా సుట్టుడు సూస్తేనే సమజైంది. మొండయ్య ఇంట్ల.

ఇగ గిది చెప్పాలె మీకు. అప్పటికి పదకొండేండ్లాయె ఓదెలు మొండయ్య మాట్లాడుకోక. ఓదెలు బిడ్డ పెండ్లిల మొండయ్య కొత్త వియ్యంకుల నడుమ కూసోని, నవ్వుకుంటనే అన్నడు, "మావోని జట్టు గంగాసాగర్ కాదు బావా, గంగల మునిగిన జట్టు" అని. అందరు నవ్విన్రు. ఓదెలు ఏం చేసిండు? ఉరికొచ్చి, తింటున్న మనిషి ముంగటి విస్తరి గుంజి అవుతల పారేసిండు. తినే విస్తరి! మొండయ్య లేసి, చెయ్యి కడుక్కోని పోయిండు. అటెనుక ఓదెలుకు ఎన్నిసార్లు అనిపిచ్చిందో, పోయి చెయ్యి పట్టుకోవాల్నని. తోవల ఎదురైతే కాళ్ళు ఆగుతుండె, నోరు లేస్తలేకుండె. అట్లట్ల పదకొండేండ్లు పోయినయి. ఐతారం పొద్దుగాల సారవ్వ ఉతికిన అంగి తెచ్చి చేతుల పెట్టింది. "పో," అన్నది. "ఏ మొఖం పెట్టుకోని పోవాలె?" అన్నడు ఓదెలు. "ఉన్నది ఒక్కటే మొఖం గదా, అదే పెట్టుకోని పో."

పోయిండు. దర్వాజ కాడ నిలవడ్డడు. లోపట మొండయ్య కుర్సీల కూసోని ఇటే సూస్తున్నడు. ఓదెలు దగ్గిండు. మొండయ్య సూసుకుంటనే ఉన్నడు గని పలుకుతలేడు. ఎదురుంగ నిలవడితే సుత ఉలుకడు పలుకడేంది, అని ఓదెలు ఎనుకకు మర్రిండు. గప్పుడు మొండయ్య అన్నడు, "ఎవలదీ? ఎలుగుల నిలవడితే నాకు కనవడదు, జెర పేరు చెప్పుండ్రి." ఓదెలు మర్రినోడు మర్రినట్టే ఆగిండు. కండ్లల్ల పూలు, గదే శుక్లాలు, ఒచ్చినయి మొండయ్యకు, రెండు కండ్లకు. మనిషి మబ్బుల లెక్క కనవడుతడు. ఒకటే ఊర్ల ఉండుకుంట, ఈ సంగతి ఓదెలుకు తెల్వనే తెల్వదు. "నేను రా, ఓదెలును" అన్నడు. అటెనుక మొండయ్య లోపటి దిక్కు మర్రి కోడలును పిలిచిండు, "స్రవంతీ, బువ్వ పెట్టు బిడ్డా, ఇద్దరికి. తినంది ఆట మొదలువెట్టేది లేదు." ఓదెలు బువ్వ కలుపుకుంట ఆగిండంట. "మొండిగా, ఆ దినం నేను..." అన్నడు. "తినురా, పప్పు సల్లారుతది" అన్నడు మొండయ్య. ఆ పంచాది అంతటితోనే ఒడిసింది.

నాలుగైంది. స్రవంతి టీవీ పెట్టింది. గోడంత తెర, గడ్డి పోస పోస కనవడుతున్నది. చెప్పేటాయన బెంగాలీల చెప్తున్నడు, ఒక్క ముక్క సమజ్ కాదు. మొండయ్య కుర్సీ ముంగటికి గుంజుకోని చెవి అటు పెట్టిండు. "చెప్పరా, ఏమైతున్నది?" "ఆడుతున్నరు" అన్నడు ఓదెలు. "ఆడుతున్నరని నాకు తెల్వదారా? బాల్ ఎవని కాడుంది?" ఇగ ఓదెలు మొదలువెట్టిండు. ముందుగాల ఊకె పేర్లు చెప్పిండు. అటెనుక, అగో మీ పొట్టోడు ఎడమ దిక్కుకెళ్ళి ఒస్తున్నడు, మావోడు కాలడ్డం పెట్టిండు, పడ్డడు, లేసిండు, నడుం పట్టుకున్నడు, ఏం కాలే, నాటకం, అని చెప్పుడు షురూ చేసిండు. గంగాసాగరోల్లు ఒకటి కొట్టిన్రు. ఓదెలు గంతేసిండు. మొండయ్య మొఖం మాడ్చుకున్నడు. జెరసేపటికి మాండవోల్లు ఒకటి కొట్టిన్రు. ఆ గోల్‌ను ఓదెలు గొణిగినట్టు చెప్పిండు. "నీది కొడితే ఇల్లు లేవగొట్టినవ్, నాది కొడితే నోట్లె మన్ను పోసుకున్నట్టు చెప్తవేందిరా?" అన్నడు మొండయ్య. స్రవంతి కొంగు అడ్డం పెట్టుకోని నవ్వుతున్నది.

ఒకటి ఒకటి. ఇంక రెండు నిమిషాలున్నది. మాండవి పొట్టోడు నడిమి గీత కాడ బాల్ అందుకున్నడు, ముంగట ఖాళీ. ఓదెలు లేసి నిలవడ్డడు. "ఒస్తున్నడు... మీవోడు ఒస్తున్నడు..." అగో, గప్పుడు ఆగింది. తెర ఆగింది, సప్పుడు ఆగింది, నడుమ ఒక సక్రం తిరుగుడు మొదలైంది. "ఏమైందిరా?" "నెట్టు పోయింది." స్రవంతి ఉరికిపోయి లోపటి నెట్టు డబ్బా తీగలు పీకి పెట్టింది. ఆ సక్రం తిరుగుతనే ఉన్నది. వచ్చినంక సూస్తే ఏముంది? నీలం చొక్కాలన్నీ ఒకని మీద ఒకడు కుప్పవడ్డరు. పసుపు చొక్కాలు నేల సూసుకుంట నిలవడ్డరు. తెర మూలకు రెండు ఒకటి అని పడ్డది. ఇరవై రెండేండ్లు ఎదురుసూసిన కప్పు, పోయింది. నిలవడ్డ ఓదెలు మళ్ళ కూసున్నడు. మొండయ్య రెండు చేతులు మోకాళ్ళ నడుమ పెట్టుకోని, మొఖం తెర దిక్కు ఎత్తి అడుగుతున్నడు, "ఒచ్చిందా రా? మావోడు కొట్టిండా, తప్పిపోయిందా?"

ఓదెలు ఆయన మొఖం సూసిండు. ఏ ఉపాయం తోచిందో గని, ఇట్ల అనుకున్నడంట మనసుల: ఈయన జట్టు కప్పు కొట్టింది, ఈయనేమో ఆ గోల్ సూడలే, నేను సుత సూడలే. గోలైందిరా అని ఒక్క ముక్క చెప్తే ఈనికేం దక్కుతది? గట్ల అనుకోని, గొంతు సవరిచ్చుకున్నడు. "ఆగు, ఒచ్చింది బొమ్మ, చెప్తున్న ఇను! పొట్టోడు ఉరికొస్తున్నడు. మావోడొకడు ఎదురొచ్చిండు, ఆని కాళ్ళ నడుమకెళ్ళి బాల్ తీసిండు. ఇంకొకడొచ్చిండు, ఆన్ని భుజంతోని అవుతలికి జరిపిండు. మూడోవాడు పడుకోని అడ్డం ఒస్తే, వారీ, బాల్‌ను కాలి కొసతోని ఎత్తి ఆని మీదికెళ్ళి దాటిచ్చిండురా! గోల్ కాసే గోలీ ముంగటికి ఉరికిండు. పొట్టోడు కుడిదిక్కు కొడుతడనుకున్నడు. కొట్టలే! ఆగిండు. గోలీ పడ్డడు. అప్పుడు నిమ్మలంగ, తొట్లెల పండుకున్న పిల్లను ఊపినట్టు, ఎడమ కాలితోని లోపటికి నూకిండు. గోల్! గోల్ రా మొండిగా, గోల్!" మొండయ్య లేసి ఎగిరిండు. ఎగిరి, ఓదెలును గట్టిగ కావులిచ్చుకోని ఏడ్సిండు. ఓదెలు సుత ఏడ్సిండు, ఎవని జట్టు కోసమో ఆయనకే తెల్వదు. ఎనుకాల తెర మీద ఆ గోల్‌ను మళ్ళ చూపెడుతున్నరు. ఏముందంటే, పొట్టోడు కొట్టిన బాల్ తప్పిపోతుంటె గంగాసాగరోని మోకాలికి తాకి దానంతట అది లోపలికి దొర్లింది. స్రవంతి సూసింది. మామ దిక్కు సూసింది, ఓదెలు దిక్కు సూసింది, టీవీ సప్పుడు జెర తక్కువ చేసింది.

ఆ గోల్ సంగతి మొండయ్య ఊర్ల చెప్పని మనిషి లేడు. మొన్న ఎండకాలం కండ్లకు ఆపరేషనైంది, ఇప్పుడు సూదిల దారం ఎక్కిస్తడు. ఒక దినం స్రవంతి లేనప్పుడు, తిరుపతి పోయి, "కాకా, నీ గోల్ నీ కండ్లతోని సూడు" అని టీవీల పెట్టిండంట. మొండయ్య సూసిండు. మోకాలు సూసిండు, దొర్లుడు సూసిండు. ఇంకోసారి పెట్టమన్నడు, మళ్ళ సూసిండు. సూసి ఏమన్నడో ఎర్కేనా? "ఇది కాదు తిరుపతీ, నీకు దొంగ లింకు దొరికినట్టుంది. నేను ఆ దినం సూసిన గోల్ వేరే" అన్నడంట. ఇప్పటికీ ఐతారం ఐతారం ఇద్దరు కూసుంటరు. కండ్లు మంచిగున్నా మొండయ్య "చెప్పరా" అంటనే ఉంటడు, ఓదెలు చెప్తనే ఉంటడు. మీరిప్పుడు తెర మీదిది నిజమా, ఓదెలు చెప్పింది నిజమా అని నన్ను పట్టుకోకుండ్రి. నేనైతే ఆ మోకాలి ముచ్చట ఎవలకు చెప్ప. మీకంటే ఏదో నోరు జారి చెప్పిన.