గుట్ట మీది ఈల

ఆ ఏడు కూడా వాన మొహం చాటేసింది. అయినా విత్తనానికి దాచిన శనక్కాయలను మల్లేశప్ప ఇంటి అరుగు మీద ఆడవాళ్ళు ఒలుస్తున్నారు. పొద్దు నాగలమడిక ఏటి ఇసుక మీదికి వాలుతోంది. నడిమధ్యన మిలిటరీ సంజీవప్ప, చేతిలో మూడో గ్లాసు టీ. మరిది మల్లేశప్ప ఎవరికైనా రెండో గ్లాసు పోయించడం హొన్నూరమ్మ ఎన్నడూ చూడలేదు. అందుకే ఆమెకు అనుమానం వచ్చింది.

బంగ్లాదేశ్ యుద్ధం నాడు ఆమె మొగుడు బైలప్ప ఈ సంజీవప్పతోనే ఉత్తరాదిన ఏదో మిలిటరీ కాలేజీకి వంటపనికి పోయాడు. సంజీవప్ప తిరిగొచ్చాడు. బైలప్ప రాలేదు, చచ్చాడన్న కబురూ రాలేదు. కబురు రానన్నాళ్ళూ అతని వంతు చేను ఆమెది. వచ్చిందంటే చేను మరిదికి పోతుంది. ఈ ఊళ్ళల్లో ఆడదాని పట్టా చేతి గాజుల్లోనే ఉంటుంది, పగలగొట్టడం సులువు.

"ఫుట్‌బాల్ ఆడేటోళ్ళకి నిమ్మకాయ నీళ్ళు మోసేది నా పని," అని సంజీవప్ప చిన్నగానే మొదలుపెట్టాడు. "కాలేజీలకీ కాలేజీలకీ పందేలు. ఒగ దినం మా పక్క ఒగడు తక్కువ పడినాడు. ఆఫీసరు నన్ను దిగమన్నాడు. దిగినా, తన్నినా. ఆ తర్వాత ఏమైందో తెలుసునా? బంతి మంచుకొండ దాటి పోయింది! మరుసటి దినం తిరిగొచ్చి గోల్లో పడింది, దాని మీద వేలు మందాన మంచు!"

"ఆ మంచు రవ్వంత మా చేనికి తేకపోతివా," అంది ముసలి ఓబక్క. అరుగంతా నవ్వింది.

"నగుతారేంది, ఇనండి." అతను గొంతు తగ్గించాడు. "యుద్ధం ముదిరింది. ఆటగాళ్ళని ఒక్కొక్కర్నే రైలెక్కించినారు. పందేలు మాత్రం ఆపలేదు. పోయినోళ్ళు సచ్చినారని తంతి వస్తాండాది, పందెం నాడు చూస్తే మైదానంలో మళ్ళా పదకొండు మందీ ఉండారు! మంచులో మనిషి కనపడడు. గడ్డి మాత్రం అణిగి, లేస్తాండాది. నేను బంతి అందిస్తే యాడ్నుంచో ఒగ కాలు వచ్చి తీసుకుంటాండాది. ఆ కాలు తగిలితే పాడుబావి చలి. ఆకరి పందేనికి మా పక్క ఊపిరుండేది నాకొక్కనికే."

ఒలిచే చేతులు ఆగిపోయాయి.

"గోలు కాసిందెవరు?" అడిగాడు మల్లేశప్ప, పాఠం అప్పజెప్పించినట్టు.

సంజీవప్ప హొన్నూరమ్మ వైపు చూడలేదు. "మన బైలప్ప. సరిహద్దుకి వంటకని తోలితే ఆడ బాంబు పడింది. గోల్లో నిలబడి, రెండు వేళ్ళు నోట్లో పెట్టి, ఈ ఇంటి గొర్రెల మందని పిలిచే ఈల వేసినాడు. రెండు పొడుగు, ఒగ పొట్టి. అవతలోళ్ళు పదకొండు మందీ తలలు వంచుకోని, గొర్రెల మాదిరి ఆయప్ప ఎనకాల మంచులోకి పోయినారు. ఇంగ రాలేదు. కప్పు మాదే!"

"మా ఇంటి ఈలే," అన్నాడు మందవెంట ఎన్నడూ గుట్ట ఎక్కని మల్లేశప్ప. "అన్న సచ్చినట్లే. రేపే వదిన గాజులు తీపిస్తాం."

అప్పటిదాకా హొన్నూరమ్మ నమ్మింది. మంచులో మొగుడు కనిపించాడు కూడా, చలికి భుజాలు ముడుచుకుని. ఈల మాటతో ఆ మంచు విడిపోయింది.

"సంజీవన్నా, ఆ ఈల నువ్వు యాడ విన్యావు?"

"గుట్ట కింద్నుంచి దినామూ వింటాంటిమి గదమ్మా."

"వేసేది ఎవరో చూసినావా?"

"చూసేదేముండాది? ఈల మొగోడు గాక ఆడది వేస్తాదా?"

"ఆయనకి ఈల రాదు. ఊదితే ఉమ్మి పడేది."

హొన్నూరమ్మ చేట దింపింది. గాజులు గలగలమన్నాయి. రెండు వేళ్ళు నోట్లో పెట్టుకుంది. రెండు పొడుగు, ఒక పొట్టి.

దొడ్డిలో, కరువుకు అమ్మగా మిగిలిన గొర్రెలన్నీ ఒక్కసారి లేచాయి. ముళ్ళకంప తోసుకుని, తలలు వంచుకుని, చప్పుడు లేకుండా వచ్చి అరుగు చుట్టూ నిలబడ్డాయి. సంజీవప్ప కాళ్ళు పైకి ముడుచుకున్నాడు. టీ ఒళ్ళోకి ఒలికింది.

"కప్పు ఎవరిదంటివప్పా?" అంది ఓబక్క.

ఎవరూ నవ్వలేదు. ముసలి గొర్రె ఒకటి మాత్రం హొన్నూరమ్మను కాదు, ఆమె వెనక ఖాళీ చోటును చూస్తోంది. ఆమె వెనక్కి తిరగలేదు. చేట మళ్ళీ ఒళ్ళోకి తీసుకుంది.

"ఇవి నా చేని విత్తనం, మల్లేశప్పా. వేరే పెట్టు."