బాణాలు గాల్లో ఆగినప్పుడు

అయితే తప్పంతా నా సినిమాలదేనా? ఈ వయసులో ముసలమ్మకి ఆ చైనా యుద్ధాలేమిటి, ఆ గుర్రాలేమిటి అని నువ్వు నవ్వుతావు, మీ ఆయన నవ్వుతాడు. నవ్వండి, నాకేం? ఆ తలలు నరుక్కోవడాలు చూడాలని నాకు మాత్రం సరదానా, అమ్మాయ్? నేను చూసేది కింద పడే అక్షరాల కోసం.

ఆ మిషన్ కాసేపు ఆపవే. ఆపవూ? సరే, కుట్టుకో. గంట పదిన్నరైంది కదూ? చిన్నాడు బస్సు డిపోకి బయల్దేరి ఎంతసేపైంది? సంతకం పన్నెండింటికేగా? నిజంగా పన్నెండేనా? అయితే కొంచెం టైముంది. చెప్పేస్తాను.

నాకు చదవడం నేర్పింది పెద్దాడని నీకు తెలుసుగా. మీ మామగారు పోయాక, నా అరవై రెండో ఏట. పలక పట్టుకోవాలంటే సిగ్గేసి చచ్చాను. వాడే అన్నాడు, "నా పక్కన కూర్చుని సినిమా చూడమ్మా, వాళ్ళు మాట్లాడేదంతా కింద మన అక్షరాల్లో పడుతుంది" అని. వాడికి ఆ పాతకాలం చైనా రాజులంటే పిచ్చి. సాయంత్రం కుట్టు షెడ్డు మూసేసి వచ్చి, వాళ్ళ ఎత్తులూ పైఎత్తులూ కాసేపు చూస్తే గాని ముద్ద దిగదు. మొదట్లో నాకు ఎవరెవరో తెలిసేది కాదు. అందరికీ ఒకటే గడ్డం! అంత గడ్డంతో భోజనం ఎలా చేస్తారా అని అదో బెంగ. "ఒరేయ్, వీళ్ళలో మనవాళ్ళెవర్రా?" అంటే, "గెలిచేవాళ్ళే మనవాళ్ళమ్మా" అనేవాడు. అప్పుడు నవ్వొచ్చేది. ఇప్పుడు తలుచుకుంటే నవ్వు రావడం లేదు.

మాట పడగానే వాడు రిమోట్ నొక్కి బొమ్మ ఆపేవాడు. నేను వేలుతో గాల్లో దిద్దుకుంటూ ఒక్కో అక్షరం కూడబలుక్కునేదాకా అది అలాగే ఉండేది. వెయ్యి బాణాలు వదిలారనుకో, వెయ్యీ గాల్లోనే. గుర్రం ముందుకాళ్ళు ఎత్తిందనుకో, ఎత్తినవి ఎత్తినట్టే. ఒక్కనాడు విసుక్కోలేదే! నేను చదవడం అయ్యాక కూడా వెంటనే నొక్కేవాడు కాదు. నా వైపు తిరిగి, "ఏమ్మా, మధ్యాహ్నం తమ్ముడింటికి వెళ్ళావుగా? ఏమంటున్నాడు వాడు?" అనేవాడు.

నేను చెప్పేదాన్ని.

ఏం చెప్పానా? నువ్వు నాకు భోజనం వడ్డిస్తూ ఏమన్నావో అదే చెప్పాను. అన్నదమ్ములు మాటలాపేసి ఎనిమిది నెలలు. ఒకే షెడ్డులో పెరిగి, ఒకే తండ్రి దగ్గర బస్సు సీట్లు కుట్టడం నేర్చుకుని, ఆరు మిషన్లు వాడు, ఆరు మిషన్లు వీడు పంచుకుని ఎడమొహం పెడమొహం అయ్యారు. నా నోటి మాటైనా ఇద్దరి మధ్యా తిరుగుతుంటే మళ్ళీ కలుస్తారనుకున్నాను. తల్లిని, అనుకోనూ?

రైలు గేటు దగ్గర షెడ్డు చూశామన్నావు, సోమవారం వెళ్ళి ఖాయం చేసుకుంటామన్నావు. ఆ సాయంత్రమే చెప్పాను. సోమవారం మీరు వెళ్ళేసరికి దానికి ఇంకెవరిదో తాళం! పెద్దాడి దగ్గర కుట్టేవాళ్ళు ముగ్గురు మీ వైపు వస్తామన్నారన్నావు. అదీ చెప్పాను. ముగ్గురూ ఒకరి తర్వాత ఒకరు మొహం చాటేశారు. "మనలోనే ఎవడో మాటలు మోస్తున్నాడు" అని మీ ఆయన గోడని గుద్దాడు చూడు, అప్పుడు వాడికి మంచినీళ్ళు పట్టుకొచ్చింది ఎవరు? నేనే.

హమ్మయ్య, ఆపావా మిషన్.

ఇంకా ఉంది, విను. సూదిమామ. పెదాల మధ్య సూది పెట్టుకునే ముప్పై ఏళ్ళు మాట్లాడిన మనిషి. ఆయన రెగ్జిన్ కత్తిరించాక మళ్ళీ కొలిచినవాళ్ళు లేరు. పంపకాలప్పుడు పెద్దాడు ఎంత పిలిచినా పోకుండా మీ పక్షాన నిలబడ్డాడు.

పోయిన నెల ఒక సినిమా చూశాం. ఒక రాజు తన శత్రువు దగ్గరున్న సేనాపతికి తెల్లగుర్రాన్ని కానుకగా పంపుతాడు. చాటుగా కాదు, డప్పులు కొట్టించి, లోకమంతా చూసేలా. ఆ సేనాపతి ఏ తప్పూ చెయ్యలేదే పాపం! అయినా వాడి రాజుకే వాడి మీద అనుమానం పుట్టింది. తెల్లారేసరికి వాడి తల కోటగుమ్మానికి వేలాడింది. నేను కళ్ళు తుడుచుకున్నాను. పెద్దాడు వెనక్కి తిప్పి, ఆ గుర్రం వచ్చే చోటు ఇంకోసారి చూశాడు.

నాలుగు రోజులకి ఇంత పొడుగు కొత్త కత్తెర తెచ్చాడు. "మా గొడవలో ఆయనేం చేశాడమ్మా? ముప్పై ఏళ్ళు మనకి చేశాడు. నువ్వే పట్టుకెళ్ళి ఇయ్యి, అందరి ముందూ ఇయ్యి" అన్నాడు. నా కొడుకుది ఎంత మనసో అని మురిసిపోతూ ఈ చేతులతోనే ఇచ్చానే! ఆయన నోట్లో సూది తీసి, "ఎందుకు వదినా ఇదంతా?" అన్నాడు. పాపం ఆయనకే ఎందుకో అనిపించింది, నాకు అనిపించలేదు.

మొన్న చిన్నాడు ఆ కత్తెర ఆయన కాళ్ళ ముందు గిరాటేసి, "దీనికా అమ్ముడుపోయావు?" అన్నాడు. ఆ మనిషి వంగి, తన సూదుల డబ్బా ఒక్కటీ తీసుకుని వెళ్ళిపోయాడు. "పీడ విరగడైంది అత్తయ్యా" అన్నావు నువ్వు. నిన్నేమీ అనడం లేదు. నేనూ తలూపాను.

ఇక నిన్నటి సంగతి. నిన్న సాయంత్రం సినిమాలో ఒక నది. అటొక సేన, ఇటొక సేన. రెండు వైపులకీ ఉప్పు మోసుకెళ్ళి అమ్ముకునే ముసలిది ఒకర్తి. ఇటువైపు మంత్రి ఆమెకి పీట వేయించి, "కాళ్ళు నొప్పిగా ఉన్నాయా తల్లీ? అవతల ఇవాళ ఎన్ని పొయ్యిలు వెలిగాయి?" అని ఎంతో మర్యాదగా అడుగుతాడు. ఆ వెర్రిది వేళ్ళు మడిచి సంబరంగా చెబుతుంది. ఆమె అటు వెళ్ళగానే మంత్రి పక్కవాడితో ఏదో అన్నాడు. కింద మాట పడింది.

పెద్దాడు బొమ్మ ఆపలేదు.

ఇన్నాళ్ళలో అదే మొదటిసారి. నేనంత త్వరగా చదవలేననుకున్నాడు, పిచ్చి నాయన. చదివేశానే! వేలు కదపకుండానే చదివేశాను. "తాను గూఢచారినని తనకే తెలియనిదే అసలైన గూఢచారి" అని ఉంది.

వాడి మొహం చూశాను. వాడు నావైపు చూడలేదు. తెరమీదే కళ్ళు పెట్టి, "నిద్రొస్తోందా అమ్మా?" అన్నాడు, వెన్నలాంటి గొంతుతో.

రాత్రంతా నాకు కంటిమీద కునుకు లేదు. ఎందుకో తెలుసా? డిపో బస్సుల సీట్ల పనిలోంచి అన్న తప్పుకున్నాడని, నలభై బస్సులూ తమ్ముణ్ణే తీసుకోమన్నాడని నిన్న మధ్యాహ్నం మీకు కబురు తెచ్చింది ఎవరు? నేనేగా. అన్న ఓడిపోయాడని మీ ఆయన పొద్దున్న ఈల వేసుకుంటూ వెళ్ళాడు. అమ్మాయ్, వాడి సినిమాల్లో ఓడి పారిపోయే సేన ఎప్పుడూ కొండల మధ్యకే పారిపోతుంది. తరిమేవాళ్ళు జెండాలూపుకుంటూ లోపలికి దూరతారు. అప్పుడు రెండు వైపులా పైనుంచి రాళ్ళు దొర్లుతాయి.

నలభై బస్సులకి నెల గడువు. కుట్టేవాళ్ళు రారు. కత్తిరించే చెయ్యిని మీరే తరిమేశారు. గడువు తప్పిందా, హామీగా రాసిచ్చే మిషన్లు పోతాయి, ఇదిగో నీ ముందున్న మీ మామగారి మిషన్‌తో సహా. ఆ హామీ సంగతీ పెద్దాడికి నేనే చెప్పానులే. ఆ డిపో గేటు మళ్ళీ తొక్కనివ్వరు. అప్పుడు మిషన్ లేని కుట్టేవాడు ఎక్కడికి వెళ్తాడు? అన్న షెడ్డులో కూలికి. పెద్దాడికి కావలసింది అదే. తమ్ముడు పోవాలని కాదే, తమ్ముడు తలొంచుకుని రావాలని.

అలా చూడకు. తెలియక చేసింది పాపం అంటావేమో, అదీ అనకు. షెడ్డుకి తాళం పడిన రోజే నాకు సగం తెలిసింది. అయినా సాయంత్రం ఎప్పుడవుతుందా అని ఎదురుచూశాను. ఎందుకో చెప్పనా? మీ మామగారు మంచివారే, కానీ నేనొక మాట మొదలుపెడితే సగంలో లేచి వెళ్ళిపోయేవారు. మీకూ పనులుంటాయి, మీ తప్పు కాదు. వాడొక్కడేనే, సైన్యాలకి సైన్యాలని నిలబెట్టేసి, నేను పలికేదాకా నా నోటివంక చూస్తూ కూర్చునేవాడు. ఆ సుఖం మరిగాను. చెప్పడానికేమీ లేని రోజున నేనే నిన్ను గుచ్చి గుచ్చి అడిగేదాన్ని, గుర్తు తెచ్చుకో. సూదిమామ గుమ్మం దిగుతున్నప్పుడు నోరు తెరిస్తే అదంతా ఆగిపోతుందని మూసుకున్నాను. అంతే. ఇంకేం లేదు.

లే. ఏడవడానికి తర్వాత బోలెడు టైముంది. నా పేరు దాచకు, మీ ఆయనకి నేనేనని చెప్పు, సూదిమామకీ చెప్పు. పరిగెత్తి సంతకం ఆపుతావో, ముందు ఆయన కాళ్ళు పట్టుకుని వెనక్కి తెస్తావో...

వద్దు! అనకు. ఏం చేస్తావో నాతో అనకు. వాడు అడుగుతాడు. ఇంత తెలిసి కూడా నేను చెప్పేస్తాను, నన్ను నమ్మకు.

ఇదిగో, గోడవైపు తిరిగి కూర్చుంటున్నాను. సందు చివర నువ్వు ఎటు తిరిగావో కూడా నాకు తెలియకూడదు. వెళ్ళు.