రెండో డబ్బా

ఆ రోజు ఇంట్లో ఉన్నది ముగ్గురు. మోకాలికి కట్టుతో కుర్చీలో అమ్మమ్మ. కుట్టు మిషను ముందు పిన్ని, కుట్టడానికి ఏమీ లేకపోయినా. కిటికీ గట్టు మీద, ఒళ్ళో డైరీతో, గుసగుస దాటి మాట్లాడని చిన్నది; దాని అమ్మ దూరపు ఊళ్ళో నర్సు, నెలకోసారి వస్తుంది, మిగతా రోజుల్లో దానికి అమ్మయినా స్నేహితురాలయినా పిన్నే. నాలుగో మనిషి అనదగ్గది బల్ల మీద ఉంది: ఒక చేపల డబ్బా. గడియారంలో నాలుగున్నర.

"ఆ కత్తి ఇటు తే అమ్మాయ్. డబ్బా అన్నాక కత్తితోనే తెరవాలి."

"అమ్మా, అది డబ్బా, కోట గోడ కాదు. పొడిచావంటే కత్తి విరుగుతుంది, వేలు తెగుతుంది. ఐదింటికి ఈ డబ్బా ఇచ్చినాయన వచ్చేసరికి ఇల్లు కాస్తా ఆసుపత్రి."

"ఆయన వస్తాడనే కదా నా కంగారు. ఆదివారం వచ్చి అడిగిపోయాడు. ఇవాళ ఆరింటి బస్సుకి వెళ్ళిపోతాడు. ఏమండీ, నన్ను చేసుకుంటారా లేదా అంటే ఏం చెప్తావు? మిషను తిప్పుతూ కూర్చుంటావా?"

"కూర్చుంటాను. ఇన్నేళ్ళూ కూర్చోలేదూ?"

"అందుకే చెప్తున్నా. ఆయన చేతిమీదుగా వచ్చింది మన నోటికి పడితే ఆయన కూడా మన ఇంటికి పడతాడు. తిందాం, తిని జవాబు చెప్పు. చిన్నదానా, ఆ డబ్బా మీద ఏం రాసుందో చదువు. నా కళ్ళజోడు ఎక్కడ పెట్టానో."

"సార్..."

"గుసగుసా, నువ్వు చదివేది ఆ డబ్బాకి కూడా వినపడటం లేదు."

"సార్డిన్ చేపలు, పిన్నీ. నూనెలో."

"సార్జెంటు చేపలా?"

"సార్జెంటు కాదు అమ్మమ్మా. సార్డిన్."

"నేనూ అదే అన్నాను. ఇంతకీ ఈ సార్జెంట్లవి రెండు డబ్బాలు కదూ తెచ్చాడు? రెండోది ఏది?"

"ఒకటే తెచ్చాడమ్మా."

"రెండు పిన్నీ. డైరీలో రాసుకున్నాను. బల్ల మీద రెండు డబ్బాలు పెట్టి, ఒక్కోదాన్ని వేలితో కొట్టి విన్నారు అని."

"నీ డైరీ ఈ ఇంటికి పోలీసు స్టేషనైపోయింది. పక్కింటి పిల్లి ఎత్తుకుపోయి ఉంటుంది."

"పిల్లి మూత ఎలా తీస్తుంది?"

"ఆకలేస్తే అదే నేర్చుకుంటుంది."

"ఆ పిల్లికి కాళ్ళు నాలుగా, రెండా అమ్మాయ్?"

"నువ్వు ఊరుకోమ్మా. అసలు ఆయనకి ఆ కొట్టుడేమిటి? గడియారం కొట్టాడు, నా మిషను కొట్టాడు, టీ కప్పు కొట్టాడు. పోతూ పోతూ తలుపు కూడా."

"ఆయన పనే అదటగా. ఫ్యాక్టరీలో చిన్న కర్రతో మూత మీద కొట్టి వింటాడట. మంచి డబ్బా టింగుమంటుంది. లోపల గాలి చేరి పాడైనదైతే డబ్బుమంటుంది. ఒక్కటీ తెరవకుండా లోపలి సంగతి చెప్పేస్తాడట. నెలకోసారి మన ఊరి గోదాముకి వచ్చేది కూడా అందుకేనట."

"మన ఇంటికి వచ్చింది మాత్రం కోటుకి గుండీ కుట్టించుకోడానికి. మూడు నెలల్లో మూడు గుండీలు. ఒకే కోటుకి."

"తెగాయో, తెంపుకున్నాడో."

"రేపు నన్నూ కర్రతో కొట్టి వింటాడు, గాలి చేరిందేమోనని."

"ఆయనకెందుకు శ్రమ? అది నేనే చెప్పగలను."

"పిన్నీ, ఆయన ఊరు ఎంత దూరం?"

"బస్సులో ఆరు గంటలు."

"నిన్న కూడా ఆరే అన్నావు."

"నువ్వు రోజూ అడిగితే దూరం తగ్గుతుందా?"

"ఈ రింగు లాగుతున్నా రావటం లేదు. కత్తి ఇమ్మంటే ఇవ్వరు."

"అలా కాదమ్మా, ఇటు ఇవ్వు. ముందు చెంచా కాడ దూర్చి రింగుని కాస్త లేపాలి. చూశావా? ఇప్పుడు నెమ్మదిగా లాగాలి. చివర్లో ఆగాలి, లేకపోతే నూనె మీదికి చిమ్ముతుంది. ఒకసారి పడిందంటే ఎంత నానబెట్టినా మరక పోదు."

"పిన్నీ, నీ నీలం జాకెట్టు సోమవారం నించి బకెట్లో ఎందుకుంది?"

"రంగు దిగుతుందేమో చూస్తున్నా."

"నాలుగు రోజులా?"

"నువ్వు రొట్టె కొయ్యి."

"అబ్బో. ఇటు రా చిన్నదానా, ఎంత బుద్ధిగా పడుకున్నాయో చూడు. ఒకటి ఇటు తిరిగి, ఒకటి అటు తిరిగి. అచ్చం మీ ఇద్దరూ ఆ మంచం మీద పడుకున్నట్టే. నీ తల వైపు దాని కాళ్ళు, దాని తల వైపు నీ కాళ్ళు."

"నేను తన్నను అమ్మమ్మా. పిన్నే తంతుంది."

"నిద్రలో తన్నినదానికి కేసు లేదు గుసగుసా. అది కూడా రాసుకున్నావా?"

"మరి తలలేవీ వీటికి?"

"ఫ్యాక్టరీలో తీసేస్తారమ్మా."

"తలల్లేని సార్జెంట్లు. ఇంక ఎవరికేం హుకుం ఇస్తారు పాపం. ముళ్ళు చూసుకుని తినండర్రా."

"ముల్లు తియ్యక్కర్లేదమ్మా. నోట్లో పెట్టుకుంటే అదే కరిగిపోతుంది."

"నీకెలా తెలుసు?"

"డబ్బా మీద రాసుంది."

"లేదు పిన్నీ. మొత్తం చదివాను. బరువు రాసుంది, ఎండలో పెట్టొద్దని రాసుంది."

"వెనక రాసుంటుంది."

"వెనక కూడా చదివాను."

"నిన్ను బడికి పంపిన మీ అమ్మనీ, నీకు అక్షరాలు దిద్దించిన నన్నూ అనాలి."

"మీరు తర్వాత కొట్టుకోండి. నేను ముందు తింటా. ఏదైనా అయినా ముసలిదాన్ని, ఎవరూ పెద్దగా బాధపడరు."

"ఎలా ఉంది అమ్మమ్మా?"

"ఉండు."

"అమ్మమ్మా?"

"ఒక్కటి తింటే ఏం తెలుస్తుంది? ఇంకోటి ఇటు పెట్టు. కాస్త నిమ్మకాయ పిండు. ఊ. ఆ అంచునున్నది కూడా పెట్టు, విరిగిపోయింది కదా, ఎవరికీ పనికిరాదు."

"మూడు తిన్నావమ్మా. ఏదో ఒకటి చెప్పు."

"బాగుందని అనను. బాగాలేదనీ అనను. నా నాలుకకి మందుల చేదు పట్టింది, నా మాట చెల్లదు. చిన్నది చెప్పాలి. దానికి అబద్ధం చేతకాదు."

"సరే. గుసగుస చెప్పిందే ఖాయం. బాగుందంటే అవునంటాను. బాగాలేదంటే కాదంటాను."

"నిజంగానా పిన్నీ?"

"నిజంగానే. నా బదులు ఒకరు ఆలోచిస్తామంటే నాకు హాయేగా."

"నేను చెప్పను."

"ముందు తినవే. కళ్ళు మూసుకుని తినడమేమిటి, అదేమన్నా మందా?"

"తింటున్నా."

"ఎంతసేపు నములుతావు? ముళ్ళు కరిగిపోతాయన్నానా లేదా? చెప్పు, గుసగుసా."

"బాగాలేదు."

"వినపడలేదు."

"బాగాలేదు పిన్నీ."

"ఓ."

"అదేమిటే చిన్నదానా, వేళ్ళు నాకుతూ బాగాలేదంటావు?"

"దాన్నేమీ అనకమ్మా. మాట ఇచ్చాం. కాదని చెప్పేస్తా. అదేమంత పెద్ద పని? కాదండీ, అంటే అయిపోతుంది. మర్యాదగా వింటాడు, మర్యాదగా బస్సెక్కుతాడు. ఈ రొట్టె ఇంకెవరూ తినరా? అయితే తీసేస్తా."

"పిన్నీ, చూసుకో, డబ్బా."

"అయ్యో."

"నూనె బల్లంతా పాకుతోంది. గుడ్డ ఏది?"

"తలుపు వెనక చూడు."

"లేదు. నీ మిషను సొరుగులో ఉంటాయి కదా ముక్కలు."

"సొరుగు తియ్యకు."

"గుడ్డ కోసమే."

"తియ్యకన్నానా? నేనే ఇస్తాను, ఆగు. గుసగుసా, చెప్తున్నా..."

"పిన్నీ. ఇదేమిటి?"

"గుండీల డబ్బా."

"దీని మీద కూడా చేప బొమ్మ ఉంది."

"ఇటు తే, నేనూ చూస్తాను. ఓహో. అంచులు అరగదీసి నున్నగా చేసింది, సబ్బు పెట్టి కడిగింది, గుండీలు పోసుకుంది. పక్కింటి పిల్లికి కుట్టుపని కూడా వచ్చన్నమాట."

"అమ్మా."

"మొత్తం నువ్వే తిన్నావా? ఒక్కతివే? మాకు వాసన కూడా తగలకుండా?"

"సోమవారం మీరిద్దరూ నీ మోకాలు చూపించుకోడానికి వెళ్ళినప్పుడు. ఎలా ఉంటుందో చూద్దామని ఒకటి తిన్నాను. అంతే. తర్వాత ఒకటి విరిగింది."

"ఆ తర్వాత?"

"ఆ తర్వాత అన్నీ విరిగాయి."

"మరి తిని చూసి చెప్దాం అని నేను ఇందాకట్నించీ మొత్తుకుంటుంటే నాకు నచ్చిందమ్మా అని ఒక్క ముక్క అనొచ్చుగా?"

"మీకు నచ్చుతుందో లేదో చూద్దామని."

"పిన్నీ. నేను చెప్పింది కొట్టేయొచ్చా?"

"డైరీలోనా?"

"కాదు. ఇందాక చెప్పింది. బాగాలేదని."

"ఇటు రా. జుట్టు తీసి నుదురు ఇలా పెట్టు. కదలకు, చెంచాతో కొట్టి వింటా. ఊహూ. డబ్బుమంది. లోపల ఏదో దాచావు."

"బాగుంది. చాలా బాగుంది. అందుకే బాగాలేదన్నాను."

"అదెక్కడి లెక్క?"

"నువ్వు అవునంటే ఆరు గంటల దూరం వెళ్ళిపోతావు. నేను మంచం మీద ఒక్కదాన్నే పడుకోవాలి. కాళ్ళ వైపు ఎవరూ ఉండరు."

"తంతానన్నావుగా."

"తన్నినా ఫరవాలేదు."

"సరే సరే, ముక్కు తుడుచుకో. ఆ గుడ్డతో కాదే, అది నూనె గుడ్డ. కాదనే చెప్తాలే. నాకూ ఆరు గంటలు బస్సులో కూర్చుంటే తల తిరుగుతుంది."

"కాదనొద్దు."

"బాగాలేదంటే కాదు. అదేగా మన ఒప్పందం."

"అది అబద్ధమని చెప్పాను కదా పిన్నీ."

"నువ్వు చెప్పిందే ఖాయమన్నాను. నిజమే చెప్పాలని ఎక్కడన్నాను?"

"ఇద్దరూ కాస్త నోరు మూసుకుని వినండి. తలుపు."

"రెండుసార్లు కొట్టాడు."

"అది కొట్టడం కాదు, పరీక్ష. మన తలుపులో గాలి చేరిందేమో చూసుకుంటున్నాడు సార్జెంటు. వెళ్ళు అమ్మాయ్."

"నా చేతుల నిండా నూనె. గుసగుసా, నువ్వెళ్ళు."

"నేనా? నేను కొత్తవాళ్ళతో మాట్లాడను."

"మాట్లాడమని ఎవరన్నారు? గడియ తీసి నిలబడు. చేతులు కడుక్కుని వస్తాను."

"బాగున్నావా పాపా? పిన్నిగారు ఉన్నారా?"

"ఉన్నారు."

"లోపలికి రానా, ఇక్కడే ఉండనా?"

"పిన్ని కాదని చెప్తుంది. మీరు నమ్మొద్దు. మొదటి డబ్బా అంతా ఒక్కతే తినేసింది, మాకు పెట్టకుండా. పిల్లి మీద చెప్పింది. ఆ డబ్బా కడిగి గుండీలు పోసుకుంది. మీ కోటుకి సరిపోయే గుండీలు అందులో ఇంకో నాలుగున్నాయి, కాగితంలో చుట్టి విడిగా పెట్టింది. వినపడిందా మీకు? నేను మాట్లాడితే ఎవరికీ వినపడదు."

"వినపడిందమ్మా. అన్నీ వినపడ్డాయి. నా చెవులకి జీతం ఇచ్చేదే ఇలాంటివి వినడానికి."

"రెండో డబ్బా మేం తిన్నాం. బాగుంది."

"అదీ వినపడింది. మరి కళ్ళెందుకు ఎర్రగా ఉన్నాయి?"

"ఉల్లిపాయలు కోశాను."

"నా ముక్కుకి జీతం లేదనుకో. అయినా ఉల్లిపాయ వాసన రావటం లేదే పాపా."

"గుసగుసా, ఆయనకేం చెప్తున్నావు?"

"ఏమీ లేదు పిన్నీ."

"ఏమీ లేకపోతే ఆయన అలా ఎందుకు నవ్వుతున్నాడు? నువ్వు లోపలికి నడు. మీరు ఈ మెట్టు మీదే ఉండండి, నేనే బయటికి వస్తున్నాను."

"నేనూ ఉంటాను. నేను పక్కనుంటే నువ్వు కాదనలేవు."

"లోపల అమ్మమ్మ పిలుస్తోంది."

"పిలవటం లేదు. చెవి ఇటు పెట్టి కూర్చుంది."

"గుమ్మం మీంచి చెయ్యి తియ్యి, నలుగుతుంది. తలుపు వెయ్యాలి."

"ఎందుకు? నా దగ్గర దాపరికమా?"

"దాపరికం కాదే తల్లీ. నెలకోసారి వచ్చిపోయే బదులు ఇక్కడి గోదాములోనే పని చూసుకుని మాతో ఉండిపోగలరా అని ఈయన్ని అడగాలి, నువ్వలా చూస్తూ నిలబడితే నాకూ గుసగుసే వస్తుంది. తియ్యి చెయ్యి."