ముంజేతి ముద్దు

మెట్ల కింది ఇరుకు గదిలో, తెర మీద రెండు తడి ఆకులు ఒకదాని మీదికొకటి వాలుతున్నాయి. మొగుడు తీసిన ఆ పొట్టి సినిమాకు పెళ్లాం మైకు ముందు కూర్చుని చప్పుళ్లు చేస్తోంది.

“ఆకులు ముద్దు పెట్టుకుంటున్నాయోయ్. శబ్దంలో ఇంకాస్త ఆర్తి ఉండాలి.”

“నా ముంజేతిని నేనే ముద్దు పెట్టుకుంటుంటే ఆర్తి ఎక్కణ్ణుంచి ఊడిపడుతుందండీ? పోయినసారి నత్తలకూ ఈ చెయ్యేగా!”

“ప్రేమను ప్రకృతిలోనే చూపించాలి. మనుషులైతే మోటుగా ఉంటుంది.”

“మనింట్లో ఆ మోటుతనం మచ్చుకైనా లేదు లెండి. నత్తలే నయం.”

“వెటకారం ఆపి ఇంకో టేకు చెయ్యి.”

“అక్క వాళ్ల ఊళ్లో ఉద్యోగానికి రమ్మంటున్నారు. రేపు జవాబు చెప్పాలి. పొమ్మంటారా, ఉండమంటారా?”

అతను కుర్చీలోంచి లేచాడు. దగ్గరికొచ్చి, ఆమె చెయ్యి అందుకుని, ముంజేతిని మెల్లగా ముద్దు పెట్టుకున్నాడు. ఎన్నేళ్లయిందో! ఆమెకు కళ్లు చెమర్చాయి.

“ఆఁ! ఇదీ ఆర్తంటే. రికార్డయిందా?”

ఆమె చెవులకున్న హెడ్‌ఫోన్లు తీసి అతని మెళ్లో వేసింది.

“శుభ్రంగా అయింది. రేపటి నుంచి ఆకులకూ నత్తలకూ ఇదే వాడుకోండి.”